పై మట్టికే పోయిన అయిదేళ్ళ కంతులు

1979 వేసవిలో దాచేపల్లి దగ్గరి నాపరాయి క్వారీలో నన్ను ఆడకూలీల మేస్త్రిగా వేశారు. అంతకు రెండేళ్ళ ముందు అదే క్వారీలో గట్టు విరిగిపడి మా ఆయన పోయాడు. ఆయన పోయాక తట్ట మోసే పనిలో చేరాను. నోరు పెద్దది, దొంతి లెక్క తప్పను. అందుకని మేస్త్రిని చేశారు. చదువు మాత్రం సంతకం వరకే. ఇదంతా నేను చెబుతుంటే మా అమ్మాయి నాగమణి రాస్తోంది.

నాపరాయి పని తెలియని వాళ్ళకి కాస్త చెప్పాలి. నేల తవ్వగానే రాయి రాదు. పైన నల్లమట్టి, దాని కింద సుద్ద, దాని కింద పనికిరాని పెచ్చు. ఇదంతా కలిపి మేము పై మట్టి అంటాం. దాన్ని తట్టలతో ఎత్తిపోసేది ఆడవాళ్ళు. మంచి పొర తగిలాక మగవాళ్ళు ఉలి దింపి బండలు లేపుతారు. వాటిని మళ్ళీ మేమే తలమీద గుడ్డ చుట్ట పెట్టుకుని మోసి దొంతులు పేరుస్తాం. ముఠాకి డబ్బు లెక్కగట్టేది చదరానికి, అంటే వంద చదరపు అడుగుల రాయికి. పై మట్టి తీసిన రోజులకి లెక్క లేదు. ఆ రోజుల్లో ఇచ్చిన కూలి అడ్వాన్సు కిందే రాసుకుని, రాయి పడ్డాక కోసుకునేవాళ్ళు. ఒక్కోసారి నెలల తరబడి మట్టే మోసేవాళ్ళం. ఎవరో మోసం చేశారనుకునేవాళ్ళం కాదు. పని తీరే అంత.

మేస్త్రినైన ఏడాదే ఇంటి అప్పు తీసుకున్నాను. మా ఆయన బతికుండగా కొన్న రెండు సెంట్ల స్థలం ఉంది. పనివాళ్ళకి ఇళ్ళకోసం అప్పులిచ్చే సహకార సంఘం ఒకటి బస్టాండు వెనక ఉండేది. స్థలం, దానిమీద కట్టబోయే ఇల్లు సంఘానికి తనఖా పెట్టాలి. కాగితాలు వాళ్ళ దగ్గరే ఉంటాయి. పది వేలు ఇస్తారు. నెలకు నూట పది రూపాయల చొప్పున ఇరవై ఏళ్ళు కట్టాలి. క్వారీ యజమాని జీతంలోనే కోసి సంఘానికి పంపుతాడు. వడ్డీ నూటికి నెలకి రూపాయి.

ఆ రూపాయి మాట విని మేమంతా పొంగిపోయాం. ఊళ్ళో నూటికి రెండు రూపాయలకి తక్కువ ఎవడూ ఇవ్వడు, అవసరం కనిపెడితే మూడు కూడా. రూపాయి వడ్డీ అంటే ఊరికే ఇచ్చినట్టే అనుకున్నాం. నన్ను చూసి మా ముఠాలో ఇంకా అయిదుగురు తీసుకున్నారు. రాతిగోడలు, పైన నాపబండల కప్పు, రెండు గదులు. మా బండలు మేమే మోసుకున్నాం.

అయిదేళ్ళు ఒక్క కంతు తప్పలేదు. 1984 చివర్లో మా ఆయన తాలూకు నష్టపరిహారం కేసు తేలింది. వకీలుకీ తిరుగుళ్ళకీ పోను చేతికి అయిదు వేలు వచ్చాయి. అదే వారంలో నాగమణికి గుంటూరులో నర్సు ట్రైనింగులో సీటు వచ్చింది. ఫీజు, హాస్టలు, బట్టలు అన్నీ కలిపి వెయ్యి రూపాయలు కావాలి. నేను మనసులో లెక్క కట్టుకున్నాను. తీసుకున్నది పది వేలు, కట్టింది ఆరు వేల ఆరొందలు. మిగిలింది మూడు వేల నాలుగొందలు. పైన వడ్డీ ఎంతో కొంత. నాలుగు వేలు పారేస్తే ఇంటి కాగితాలు చేతికొస్తాయి, వెయ్యి పిల్లకి సరిపోతుంది. ఆయన ప్రాణానికి వచ్చిన డబ్బు ఇంటికీ బిడ్డకీ సరిగ్గా సరిపోయిందనుకున్నాను.

ఆ లెక్క నేను గాల్లోంచి తీసింది కాదు. మా వైపు నోటు రాసుకుని అప్పు తెచ్చుకుంటే, మిరపకాయలు అమ్మాక ఉన్నంత తెచ్చి ఇస్తాం. ఇచ్చింది నోటు వెనక చెల్లు వేస్తారు. ఆఖరి రోజున ఒక పెద్దమనిషిని కూర్చోబెట్టుకుని, చెల్లులన్నీ అసల్లోంచి తీసేసి, వడ్డీ దగ్గర బేరం ఆడతాం. అప్పిచ్చినవాడు కాసేపు గింజుకుంటాడు. చివరికి సగమో పావో వదిలేసి నోటు చింపేస్తాడు. నా ఎరుకలో అప్పు తీరడమంటే ఇదే. అందుకే సంఘానికి వెళ్ళేటప్పుడు నేను ఒంటరిగా పోలేదు. మా బజారులో తగువులు తీర్చే అంకయ్య మామని తలపాగా కట్టించి మరీ వెంటబెట్టుకుపోయాను.

సంఘంలో సెక్రటరీ లేడు. గుమాస్తా ఖాసిం ఉన్నాడు. మెత్తటి మనిషి, మా బజారు చివరే వాళ్ళ ఇల్లు. అంకయ్య మామ కుర్చీ లాక్కుని కూర్చుని నేరుగా బేరంలోకి దిగాడు.

“ఒరేయ్ ఖాసిమూ, మొగుడు పోయిన ఆడది. ఒక్క నెల తప్పకుండా కట్టింది. ఇయ్యాల మొత్తం తేల్చుకుంటానికి వచ్చింది. అసలు తీసుకో, వడ్డీలో సగం తోసెయ్.”

ఖాసిం నవ్వాడు. “మావా, ఇది నీ మిరపకాయల నోటు కాదు. తోసేసేదానికి నాకేం అధికారం ఉంది?”

“అయితే పావు తోసెయ్. టీ చెప్పు ముందు.”

టీ వచ్చింది. ఖాసిం లెక్క చూసి, కళ్ళద్దాలు తీసి, ఇంకా బాకీ తొమ్మిది వేల నూట ఎనభై చిల్లర అన్నాడు.

నాకు వినపడింది గానీ బుర్రకి ఎక్కలేదు. వేరేవాళ్ళది చూశావేమో, కోటమ్మది చూడు అన్నాను. కోటమ్మదే అన్నాడు. టీ గ్లాసు ఎప్పుడు కింద పెట్టానో తెలియదు. బల్ల మీద కొట్టాను, టీ ఒలికి అంకయ్య మామ పంచె తడిసింది.

“ఏందయ్యా! పది వేలు తీసుకున్నా. ఆరు వేల ఆరొందలు కట్టా. ఇంకా తొమ్మిది వేలేంది? ఎవుడు తిన్నాడు నా డబ్బు?”

అంకయ్య మామకి ఒకటే తట్టింది. యజమాని జీతంలో కోసుకుని సంఘానికి పంపలేదు అని. “ఆ నా కొడుకు మింగాడే కోటమ్మా, పద, క్వారీకి పోదాం” అని లేచి నిలబడ్డాడు. ఖాసిం ఇద్దరినీ కూర్చోబెట్టి, నెల నెలా డబ్బు చేరిన రసీదులన్నీ చదివి వినిపించాడు. ఒక్కటి కూడా తప్పలేదు. ఆలస్యం కూడా లేదు.

“ఎవరూ తినలా కోటమ్మక్కా” అన్నాడు. “తింటే బాగుండేది, పట్టుకుని కక్కించేవాళ్ళం.”

దొంగ ఉంటే జుట్టు పట్టుకోవచ్చు. ఇక్కడ దొంగ లేడు. అంతా సక్రమంగా జరిగి నా డబ్బు కనపడకుండా పోయింది.

అప్పుడు ఖాసిం ఓపికగా చెప్పాడు. పది వేల మీద నూటికి రూపాయి అంటే మొదటి నెల వడ్డీ వంద. నేను కట్టిన నూట పదిలో వంద ముందు ఆ వడ్డీకే పోయింది. అసల్లోంచి తగ్గింది పది.

“పదా?” అన్నాను.

“పదే. రెండో నెల వడ్డీ పది పైసలు తగ్గింది, కాబట్టి అసలుకి పది రూపాయల పది పైసలు.”

“పది పైసలు!” అన్నాడు అంకయ్య మామ. “ఒరేయ్, నేను ఎన్నో పంచాయితీలు చేశా గానీ ఇట్టాంటి అప్పు చూళ్ళేదురా.”

ఇరవై ఏళ్ళు కడితే మొత్తం ఎంతవుతుందని అడిగాను. ఇరవై ఆరు వేల పైచిలుకు అన్నాడు. అయిదేళ్ళలో ఒక్కసారి కూడా నేను ఆ ప్రశ్న వెయ్యలేదు. నెలకెంత అని అడిగాను, నూట పది మొయ్యగలనా అని చూసుకున్నాను, అంతే. నూటికి రూపాయి అన్నది చిన్న మాటే. దాన్ని ఇరవై ఏళ్ళు మోస్తే ఏమవుతుందో ఊళ్ళో ఎవరికీ తెలియదు, ఎందుకంటే ఊళ్ళో ఎవరూ ఇరవై ఏళ్ళు అప్పు మొయ్యరు. మూడు పంటలకి తేల్చుకుంటారు.

కంతులో వడ్డీ సగం, అసలు సగం అయ్యేది ఎప్పుడని అడిగాను. పద్నాలుగేళ్ళు దాటాక అన్నాడు. అప్పుడు నాకు అర్థమైంది. నేను అయిదేళ్ళూ మోసింది పై మట్టి. ఇంకా తొమ్మిదేళ్ళు మట్టే ఉంది. రాయి ఎక్కడో అడుగున ఉంది. ఆ మాటే ఖాసింతో అన్నాను. సరిగ్గా అంతేనక్కా అన్నాడు. ఇంకో మాట కూడా చెప్పాడు.

“కంతు కాకుండా పైన ఏం కట్టినా అది వడ్డీకి పోదు. మొత్తం అసల్లోంచే తెగుద్ది. నువ్వు తెచ్చిన నాలుగు వేలు కడితే బాకీ అయిదు వేల నూట ఎనభైకి దిగుద్ది.”

అంటే మిగిలిన తొమ్మిదేళ్ళ మట్టీ ఒక్కరోజులో ఎత్తిపోసినట్టు. ఆ తర్వాత అదే నూట పది కడుతూ పోతే అయిదేళ్ళ నాలుగు నెలల్లో తీరిపోతుంది. దాదాపు పదేళ్ళ కంతులు తప్పుతాయి. నాలుగు వేలు ఇప్పుడు పెడితే, తర్వాత కట్టాల్సిన పన్నెండు వేల పైచిలుకు తప్పుతుంది. ఇందాక ఎంత అదిరిపోయానో ఇప్పుడూ అంతే అదిరిపోయాను. ఇన్నాళ్ళూ నన్ను తిన్న లెక్కే ఇప్పుడు నా వైపు తిరిగింది.

కానీ సంఘం పద్ధతి ఒకటుంది. ఎవరైనా ఒకేసారి ఎక్కువ కడితే వాళ్ళు గడువు తగ్గించరు, నెల కంతు తగ్గిస్తారు. నా కంతు అరవై రెండు అవుతుంది, ఏళ్ళు మాత్రం పదిహేను అలాగే ఉంటాయి. కంతు అలాగే ఉంచి ఏళ్ళు తగ్గించాలంటే విడిగా అర్జీ ఇవ్వాలి. అప్పటిదాకా అలాంటి అర్జీ ఎవరూ ఇవ్వలేదట.

అంకయ్య మామకి అరవై రెండే నచ్చింది. నెలకి నలభై ఎనిమిది మిగిల్తే బియ్యం రావా అన్నాడు. ఆలోచించుకుని చెబుతానని వచ్చేశాను.

మర్నాడు క్వారీలో దొంతి పక్కన కూర్చుని ముఠా వాళ్ళకి చెప్పాను. అప్పున్న అయిదుగురి ముఖాలూ సుద్దరంగుకి తిరిగాయి. జాన్‌బీ అనే మనిషి కూలి చాలని నెలల్లో మేకలు అమ్మి మరీ మూడేళ్ళుగా కడుతోంది.

“నా మేకల డబ్బులు వడ్డీకే పొయ్యినయ్యా? ఒక్క గోడ కూడా నాది కాలేదా?” అని తట్ట విసిరికొట్టింది. కాసేపటికి నామీదికే వచ్చింది. “ఏమే, అరవై రెండు కట్టుకుని సుఖంగా ఉండక నూట పది కడతానంటావేంది? మేస్త్రీనని పొగరా?”

“పొగరే. పదిహేనేళ్ళు తట్ట మోసే మెడ ఉందా నాకు?” అన్నాను.

రాత్రి అన్నం దగ్గర నాగమణితో చెప్పాను, ఆ వెయ్యి కూడా కట్టేస్తే పదహారు నెలలు ముందే తీరిపోతుందట అని. సీటు వచ్చే ఏడు చూద్దామా అని నోటిదాకా వచ్చింది. అది ముద్ద నములుతూనే అంది: “ట్రైనింగు అయ్యి నాకు జీతమొస్తే పదహారు నెలల్లో నీకు ఎన్ని కంతులు కడతానో అది కూడా ఖాసిం మామనే అడుగు. లెక్క ఒకవైపే చూస్తావేందమ్మా?”

ఎవరినీ అడగలేదు. పొద్దున్నే వెళ్ళి నాలుగు వేలు కట్టాను. వెయ్యి కొంగున ముడేసుకున్నాను. ఖాసిం అర్జీ రాస్తూ, అక్కా, ఇంకోసారి ఆలోచించుకో, అరవై రెండు తేలిక కదా అన్నాడు.

“కంతు తగ్గించమాక. ఏళ్ళు తగ్గించు” అన్నాను. సంతకం పెట్టాను.

ఆ తర్వాతి రెండేళ్ళు కష్టంగానే గడిచాయి. క్వారీ రెండుసార్లు ఆగింది, కూర లేకుండా తిన్న రోజులున్నాయి, అరవై రెండు గుర్తొచ్చిన నెలలూ ఉన్నాయి. మూడో ఏట నాగమణికి ఉద్యోగమొచ్చింది. కంతులో సగం అది పంపేది. 1990లో సంఘం వాళ్ళు తనఖా రద్దు చేసి కాగితాలు ఇచ్చారు. జాన్‌బీ పొట్టేళ్ళు అమ్మినప్పుడల్లా పైన కట్టి నా తర్వాత రెండేళ్ళకి తీర్చుకుంది. మిగిలిన నలుగురిలో ఇద్దరు ఇరవై ఏళ్ళూ కట్టారు. ఇద్దరు మధ్యలో ఇల్లు అమ్ముకున్నారు. పదేళ్ళు కట్టాక అమ్మితే, బాకీ పోను చేతికి ఎంత తక్కువ వచ్చిందో చూసి, నేను అయిదో ఏట అరిచినట్టే వాళ్ళు పదో ఏట అరిచారు.

మేస్త్రి పని మానేసేలోగా చాలామందికి తోడుగా ఇంటి అప్పులకి వెళ్ళాను. నాకు తెలిసింది మూడు ముక్కలు. నెలకెంత అని అడిగితే అప్పు ఎంతో తెలియదు. సంతకానికి ముందు, మొదటి కంతులో అసలుకి ఎంత పోతుంది, ఆఖరు దాకా కడితే మొత్తం ఎంత అవుతుంది, ఈ రెండూ నోటితో చెప్పించుకోవాలి. పైన కట్టే డబ్బు ఉంటే మొదటి ఏళ్ళలోనే కట్టాలి, ఏళ్ళు తగ్గించమని రాసి ఇవ్వాలి. పెద్దమనిషిని తీసుకెళ్ళడం వల్ల అక్కడ ఉపయోగం లేదు.