మా కింది పోర్షన్ దయ్యం

మెట్టుగూడలో మా కింది పోర్షన్‌లో ఉండే సుగుణమ్మ గారికీ మాకూ తడిబట్టల తగాదా పాతదే. మా దండెం నీళ్లు ఆమె ఎండబెట్టిన మిరపకాయల మీద పడతాయని కిందినుంచి అరుస్తారు. ఆ కోపంతోనే, చచ్చాక కూడా పైవాళ్లతో పోట్లాడే దయ్యం కామిక్‌ను గీసి ఈ గ్రూపులో వారం వారం పెడుతున్నాను. దయ్యం ఆమేనని తెలియకుండా ముక్కు, చీర, జుట్టు అన్నీ జాగ్రత్తగా మార్చాను. నడుం మీద చెయ్యి వేసి నిలబడే తీరు మాత్రం మార్చలేదు.

ఈ మధ్యాహ్నం గాలికి కింద పడిన మా తువ్వాలును ఆమె మడతపెట్టి తెచ్చి ఇచ్చారు.

“నీ దయ్యం కథ మా కోడలు ఫోన్ల సూపిస్తది తమ్మీ, మస్తుంది. గని దాని తప్పేముంది? నీళ్లు పడుతున్నయనే గదా మొత్తుకుంటది. పైనోళ్లు ఒక్కపారి దిగొచ్చి మంచిగ మాట్లాడితే సల్లబడకపోవునా?”

“అట్లనే గీస్తా అక్కా” అన్నాను.

ఆమె నడుం మీద చెయ్యి వేసుకుని నవ్వి, మెట్లు దిగి వెళ్లారు. తనను తాను గుర్తుపట్టారో లేదో అడిగే ధైర్యం నాకు లేకపోయింది.

సాయంత్రం దండెం అవతలి గోడకు మార్చి కట్టాను. పైవాళ్లు క్షమాపణ చెప్పే పేజీ కూడా గీశాను. దయ్యానికి చెప్పడం సులువుగానే ఉంది. సుగుణమ్మ గారికి ఎలా చెప్పాలో, ఇరుగుపొరుగుతో రాజీపడిన అనుభవం ఉన్నవారు దయచేసి తెలుపగలరు.