రంపప్పొట్టు మీద దిబ్బరొట్టె

మొన్నామధ్య మధురవాడలో మా అమ్మాయి వాళ్ల ఫ్లాటుకి కొత్త అలమార వచ్చింది. నిలబడి రాలేదు, అట్టపెట్టెల్లో పడుకుని వచ్చింది. ఇద్దరు కుర్రాళ్లు దాన్ని లిఫ్టులో పైకి తెచ్చి, చిన్న మరతో స్క్రూలు బిగించి, నేను టీ పెట్టేలోపు నిలబెట్టేశారు. నిలబెట్టేటప్పుడు ఒక మూల గోడకి తగిలి కాస్త ఊడింది. ఊడినచోట చూస్తే లోపల చెక్క లేదు, పొట్టు ఉంది. రంపప్పొట్టుకి జిగురు కలిపి గట్టిగా ఒత్తి, పైన టేకు చారలున్న కాగితం అంటించారట. మా అమ్మాయి ప్రాణం ఉసూరుమంది. నేను మాత్రం రాలిన పొట్టును రెండు వేళ్లతో నలిపి వాసన చూస్తూ కూర్చున్నాను. "అలమారని వాసన చూస్తావేంటమ్మా" అంది. ఏం చెప్పను? పొట్టు వాసన చూసి అది ఏ దేశపు కర్రో చెప్పే మనిషి మా ఇంట్లో ఒకావిడ ఉండేది. మా అత్త.

మాది సముద్రం మీద బతికే కులం. అటు పుట్టిల్లూ ఇటు అత్తిల్లూ వేట తప్ప ఇంకో పని ఎరగనివే. మా ఆయన ఒక్కడికే పడవ ఎక్కితే కడుపులో తిప్పేది. అందుకని వయసులోనే వన్ టౌన్‌లో పోర్టు గోడకి దగ్గరున్న ఒక కలప అడితిలో చేరి, కోత మేస్త్రి అయ్యాడు. అడితి అంటే ముందు దుంగలు పేర్చిన ఖాళీ జాగా, వెనక రంపం మిల్లు. మా అన్నదమ్ములు ఆయన్ని చూసి, "ఏటి బావా, ఈయాల ఎన్ని దుంగలు వల్లో పడ్డాయి" అని ఏడిపించేవారు. ఆయన నవ్వి ఊరుకునేవాడు. మామగారు పోయాక మా అత్త చేపల బుట్ట మానేసి, ఆ అడితి గేటుకి ఎదురుగా, రోడ్డుకి అవతల, పొట్టు పొయ్యి పెట్టి దిబ్బరొట్టెలు అమ్మడం మొదలుపెట్టింది. పొట్టు మిల్లులో ఊరికే దొరికేది. తినేవాళ్లు మిల్లులోంచే వచ్చేవారు. తోడుగా నేను పిండి రుబ్బేదాన్ని.

పొట్టు పొయ్యి ఇప్పటి పిల్లలకి తెలియదు. వెడల్పాటి పాత నూనె డబ్బా, అడుగున పక్కకి ఒక కన్నం. కన్నంలోంచి ఒక కర్ర అడ్డంగా దూర్చి, డబ్బా నడుమ రోకలిలాంటి కర్ర ఒకటి నిలువుగా పెట్టి, చుట్టూ పొట్టు పోసి పిడికిలితో అణిచి అణిచి కూరాలి. తరవాత కర్రలు రెండూ తిప్పుతూ మెల్లిగా లాగేస్తే పొట్టు మధ్యలో సొరంగం మిగులుతుంది. కింద నిప్పు పెడితే ఆ సొరంగం గోడ నిదానంగా ఎర్రబడుతూ, పొద్దున్నించి మధ్యాహ్నం దాకా ఒకే సెగ ఇస్తుంది. దిబ్బరొట్టెకి కావలసింది అదే. మందపాటి మూకుడులో నూనె వేసి, మినప్పిండి గరిటెలకొద్దీ పోసి, మూత పెట్టి, మూత మీద నాలుగు నిప్పులు వేసి వదిలేస్తే, అడుగు తేనె రంగుకి తిరిగి, లోపల దూదిలా పొంగేది. పైన బెల్లం పాకం. ఆ వాసన పోర్టు గోడ దాటి లోపలికి వెళ్లేదని లారీల వాళ్లు అనేవారు. నాకు నలభై దాటాక, చర్చి పక్కనుండే టీచరమ్మ దగ్గర సాయంత్రాలు కూర్చుని అక్షరాలు నేర్చుకున్నాను. నా అంతట నేను చదివిన మొదటి బోర్డు మా పొయ్యి వెనక గోడ మీదిదే. "ఇచ్చట పొగ త్రాగరాదు." అన్నేళ్లుగా దాని కిందే మేం వీధంతా పొగ పెడుతున్నాం. పైకి చదివి వినిపిస్తే మా అత్త, "మనం తాగతన్నామేటే, వొదులుతన్నాం గాని" అంది.

మొదట్లో మిల్లుకి ఏజెన్సీ అడవుల కర్ర వచ్చేది. టేకు పొట్టులో నూనె ఉంటుంది, సెగ పట్టుగా నిలబడుతుంది. గుగ్గిలం చెక్క పొట్టయితే రొట్టెకి కాస్త ధూపం వాసన అంటేది. సింహాచలం మెట్లెక్కి వచ్చినట్టుందని తినేవాళ్లు మెచ్చుకునేవారు. తొంభైలలో అడవిలో చెట్టు కొట్టడానికి కట్టడి పెరిగింది. అడవి లారీలు తగ్గి, ఓడలు దుంగలు దింపడం మొదలైంది. మలేషియా నుంచి ఎర్రవి, రంగూన్ నుంచి టేకు, ఆ తరవాత ఆఫ్రికా నుంచి ఇద్దరు మనుషుల చేతులు చుట్టినా అందని మానులు. మలేషియా పొట్టు చిటపటలాడుతూ వేగంగా కాలిపోయేది. "మనిసైతే నోరు జాస్తి అనేదాన్ని" అనేది మా అత్త. రంగూన్ టేకు పొట్టు వచ్చిన రోజు మాత్రం పొయ్యిని ముగ్గు పెట్టినంత శ్రద్ధగా కూరేది. ఆవిడ మేనత్త ఒకావిడ రంగూన్‌లో కాపురం చేసింది కాబట్టి అది మన చుట్టాల ఊరి కర్ర. ఆఫ్రికా పొట్టు బరువైంది, అంటుకోవడానికి బద్ధకం, అంటుకుంటే ఆరదు. భూగోళం మా అత్తకి ఆ డబ్బాలోంచే తెలిసింది. ఏ దేశంలో వానలు ముదిరాయో, ఎక్కడ దుంగలు బయటికి పంపడం ఆపేశారో అడితి యజమాని షావుకారుగారు గల్లాపెట్టె దగ్గర కూర్చుని ఫోనులో అరుస్తుంటే, ఆవిడ అక్కడ రొట్టె తిప్పుతూ, "వోరి నాయనో, రేపటి పొట్టు ఎలాగుంటాదో" అనుకునేది.

రెండువేలు దాటిన కొన్నేళ్లకి ఇబ్బంది మొదలైంది. ఆ దేశాల వాళ్లు కూడా దుంగలు పంపడం తగ్గించారు, వచ్చినవాటి ధర మండిపోయింది. ఇక్కడేమో కిటికీలు ఇనుపవి అయిపోయాయి, మా అన్నదమ్ముల పడవలు ఫైబరువి అయిపోయాయి. స్టీలు ప్లాంటు సరుకు కింద వేసే దిమ్మల పని ఒక్కటే మిల్లుని నెట్టుకొచ్చేది. రంపం ఆగి ఉన్న రోజుల్లో వీధి నిశ్శబ్దంగా ఉంటే, మాకు ఎవరో ఊపిరి బిగబట్టినట్టు అనిపించేది. అప్పుడు షావుకారుగారు తెగించి న్యూజిలాండు నుంచి పైన్ అనే కర్ర తెప్పించారు. బెరడు తీస్తే ముల్లంగిలా తెల్లగా ఉంది. ఒళ్లంతా ముడులు. తాకితే వేళ్లకి బంక. వన్ టౌన్ వడ్రంగులు ఒక్కొక్కరే వచ్చి, గోటితో గీరి చూసి, నవ్వుకుంటూ వెళ్లిపోయారు. "ఇది ఆపిలు పళ్ల పెట్టెల కర్ర బాబూ" అన్నాడొకడు. "దీంతో తలుపు సేత్తే దొంగోడు తాళం ఇరగ్గొట్టక్కర్నేదు, బుజం ఆనిత్తే సాలు."

షావుకారుగారు నవ్వలేదు. పైన్ దుంగ మన ఉప్పుగాలికి ఎక్కువ రోజులు ఆగదట, నీలంగా బూజు పట్టేస్తుందట. "ఈ సరుకు కదిలితే మిల్లు తిరుగుతుంది. కదలకపోతే రంపం అమ్మేసి ఇక్కడ సిమెంటు బస్తాలు వేసుకుంటాను" అని మా ఆయనతో చెప్పేశారు. గుజరాత్‌లో కాండ్లా రేవు దగ్గర పైన్ కోసే మిల్లులు బోలెడున్నాయని, చేయి తిరిగిన మేస్త్రులు కావాలని ఒక బ్రోకరు అంతకుముందే మా ఆయన చెవిలో వేశాడు. ఆయన రేకు పెట్టె ఒకటి కొని తెచ్చి మంచం కింద పెట్టాడు. మా అత్త ఆ పెట్టె చూసింది. అన్నం వడ్డిస్తూ, "ఆ ఊర్లో మినపప్పు దొరుకుద్దేట్రా" అని మాత్రం అడిగింది. ఆయన తల దించుకుని తిన్నాడు.

చివరి ప్రయత్నంగా షావుకారుగారు వడ్రంగులందర్నీ పొద్దున్నే అడితికి పిలిచారు. అందరూ ఖాళీగా దొరకాలని అమావాస్య నాడు పెట్టారు. కొత్త చిత్రికలు, ఉలులు, చేతిరంపాలు బల్ల మీద పరిపించారు. ఎవరికి వాళ్లే చిత్రిక పట్టి చూసుకుంటే కర్ర మంచితనం తెలుస్తుందని ఆయన లెక్క. ప్రపంచం అవతలి కొసనుంచి కర్ర తెప్పించిన మనిషి, వడ్రంగులు అమావాస్య నాడు ఎందుకు ఖాళీగా ఉంటారో మర్చిపోయారు. ఆ రోజు వాళ్లు పనిముట్టు ముట్టుకోరు. తలస్నానాలు చేసి, ఇస్త్రీ చొక్కాలు వేసుకుని వచ్చి, బల్ల మీది చిత్రికల్ని శనివారం నాడు చేపల బుట్టని చూసినట్టు చూసి, చేతులు వెనక్కి కట్టుకుని నిలబడ్డారు. వాళ్లలో అందరికంటే ముసలాయన ఉండేవాడు, పెద్ద మేస్త్రి అనేవారు. ఆయన సరే అన్న కర్రే ఊళ్లో ఇళ్లల్లోకి వెళ్తుంది. ఆయనే అన్నాడు, "బాబూ, తమరు మమ్మల్ని రేపైనా పిలవాల, నిన్నైనా పిలవాల."

షావుకారుగారి మొహం వాడిపోయింది. మళ్లీ రమ్మంటే వస్తారన్న నమ్మకం లేదు. "సరే, టిఫిను తిని వెళ్లండి" అని మా వైపు చెయ్యి ఊపారు. కొత్త కర్రలో ఏ దోషమూ లేదని చూపించాలని, ఆ రోజు పొయ్యి పైన్ పొట్టుతోనే కూరమని ముందే చెప్పి ఉంచారు. అది పచ్చి కర్ర పొట్టు. మా అత్త ఎన్ని కాగితాలు అంటించి లోపలికి తోసినా తెల్లటి పొగ తప్ప మంట రాలేదు. వడ్రంగులు కళ్లు తుడుచుకుంటూ మా పొయ్యి చుట్టూ చేరారు. అమావాస్య కదా, పొద్దున్నించి ఏమీ తినకుండా వచ్చినవాళ్లు.

"ఏటప్పా, రొట్టె పెడతావా, మమ్మల్ని ఊదరబెడతావా" అన్నాడొకడు.

"లారీలో కాదు, బండిలో కాదు, ఓడలో వొచ్చింది. దానికి మన నిప్పు అలవాటవ్వాలి కదేట్రా" అంది మా అత్త.

మా ఆయన మిల్లు రేకు మీద ఎండలో పడేసి ఉంచిన పైన్ ముక్క ఒకటి పట్టుకొచ్చాడు, అది బాగా ఎండింది. మా అత్త ఉల్లిపాయలు తరిగే కత్తిపీట ముందు వేసుకుని, దాని మీద ఆ ముక్కని అడ్డదిడ్డంగా చీరుతూ చితుకులు తీయడం మొదలుపెట్టింది. పెద్ద మేస్త్రి కాసేపు చూశాడు. మొహం అటు తిప్పుకున్నాడు. మళ్లీ చూశాడు. ఆఖరికి ఉండబట్టలేకపోయాడు.

"అలా పీకుతావేటప్పా. కర్ర నార ఎటుందో సూసుకోవద్దా. ఇలాగియ్యి."

"ఈయాల ఇనుము ముట్టుకోకూడదు కదా మేస్త్రీ?"

"ఇది పనిముట్టేటి? నీ కత్తిపీట. ఉల్లిపాయలకి అమావాస్య ఉందేటి?"

"సేపలు కోసేదేమో సూసుకో మేస్త్రీ" అని వెనకనుంచి ఎవరో అన్నారు.

"సేపలది ఇంటికాడుంది నాయనా, నీ జంధ్యానికేటీ అవ్వదు" అంది మా అత్త.

పెద్ద మేస్త్రి పంచె మోకాళ్ల పైకి లాక్కుని, కత్తిపీట మీద కాలేసి కూర్చుని, పైన్ ముక్కని రెండు చేతులా పట్టి కత్తి మీదుగా ఒక్క తోపు తోశాడు. పొట్లకాయ చెక్కు తీసినట్టు, పల్చటి పొర ఒకటి చుట్టలు చుట్టుకుంటూ, తెగకుండా పొడుగ్గా వచ్చి ఆయన ఒళ్లో పడింది. ఆయన దాన్ని ఎత్తి వెలుగుకి పట్టి చూశాడు. ఇంకోటి తీశాడు. ముడి ఉన్నచోట కూడా తోసి చూశాడు. అక్కడ కొంచెం గునిసింది గాని చిట్లలేదు. చెక్కినచోట బొటనవేలు రాసి, ముక్కని పక్కవాడికి ఇచ్చాడు. ఆ పక్కవాడు కత్తిపీట లాక్కున్నాడు. తరవాత వరస కట్టారు. ఇస్త్రీ చొక్కాల మీద తెల్లటి పొరలు పడుతుంటే, "నాకియ్యి, నాకియ్యి" అని పెద్దపెద్ద మేస్త్రులు మా అత్త ఉల్లిపాయల కత్తిపీట కోసం తోసుకుంటున్నారు. ఆ పొరలు పొయ్యిలో దూర్చేసరికి భగ్గున అంటుకుంది. షావుకారుగారు అరుగు మీద నిలబడి, కదిలితే ఎక్కడ చెడిపోతుందోనన్నట్టు అలాగే ఉండిపోయారు. మా ఆయన నా వైపు చూశాడు. నేను పిండి గరిటె పట్టుకుని నిలబడ్డాను, మూకుడులో పోయాలని తోచలేదు.

రొట్టెలు అయ్యాయి. పాకం పోసి అందరికీ ఆకుల్లో పెట్టాం. మొదటి ముక్క నోట్లో పెట్టుకున్న ప్రతివాడూ ఒక్క క్షణం ఆగాడు. బంక వాసన రొట్టె నిండా పట్టేసింది. నొప్పుల తైలం రాసుకుని మినప్పిండి తిన్నట్టుంది. మా అత్త బతుకులో అంత చెడ్డ రొట్టె ఎప్పుడూ కాల్చలేదు. ఆకలి మీదున్నారు కాబట్టి మిగల్చకుండా తిన్నారు. పెద్ద మేస్త్రి చెయ్యి కడుక్కుని తీర్పు చెప్పాడు. "రొట్టె బాగోనేదు. కర్ర బాగుంది. ఈది తలుపులకొద్దు బాబూ, అబద్ధమాడను. అలమార్లకి, మంచాలకి, బడి బెంచీలకి పనికొత్తాది. నీలం పట్టకముందే కోయించండి. రేపు పాడ్యమి, బండి అంపుతాను." పెద్ద మేస్త్రి బండి పంపుతానన్నాక మిగతావాళ్లు ఊరుకుంటారా. మధ్యాహ్నానికి మా ఆయన రంపం తిప్పాడు. మర్నాటి నుంచి అడితి ముందు రిక్షాలు బారులు తీరాయి.

మా అత్త మాత్రం నెల్లాళ్లు షావుకారుగారితో ముభావంగా ఉంది. రొట్టె చెడిపోయిందన్న మాట వీధిలో పాకిపోయింది మరి. పైన్ పొట్టుని ఎండబెట్టి, పాత ఆఫ్రికా పొట్టుతో కలిపి, రకరకాలుగా కూరి చూసి, చివరికి వాసన రాకుండా కాల్చడం పట్టుకుంది. రేకు పెట్టె మంచం కిందనుంచి బయటికి వచ్చింది. ఆవిడ అందులో మినపప్పు పోసుకుంది.

మిల్లు ఆ తరవాత చాలా ఏళ్లు నడిచింది. కోసిన కర్రే నేరుగా ఓడల్లో రావడం, అతికించిన చెక్కలు రావడం మొదలయ్యాక ఒకరోజు ఆగిపోయింది. అప్పటికి మా ఆయన చేతులు అలిసిపోయి ఇంటిపట్టున ఉన్నాడు. మా అత్త అంతకుముందే, కొడుకు చేతి మీదుగా నీళ్లు తాగి వెళ్లిపోయింది. ఆ అమావాస్య పొద్దున మేం కోరుకున్నది ఆ ఒక్క సరుకు అమ్ముడుపోవాలనే. దాంతోపాటు, కాండ్లా వెళ్లిపోవలసిన మనిషి ఇంట్లోనే ఉండే ఏళ్లు కూడా మాకు దక్కాయని తెలియడానికి, ఆ ఏళ్లన్నీ గడిచిపోవలసి వచ్చింది.