బ్రాకెట్లు లేని దేవుడు

బాబాయి పదకొండేళ్ళలో మూడువందల నలభైసార్లు చచ్చిపోయాడు. మేడమీంచి పడి కొన్నిసార్లు, నీళ్ళలో మునిగి కొన్నిసార్లు, ఒకసారి మాత్రం పెద్ద సాలెపురుగు నోట్లో. ప్రతి చావూ నిలబడే చచ్చాడు. కూర్చుని చస్తే కుర్చీ కిర్రుమని మైకులో పడుతుంది.

ఆయన ఉద్యోగం ఒక కంప్యూటరు ఆటలో వీరుడికి గొంతు ఇవ్వడం. ఆ వీరుణ్ణి అందరూ బాటసారి అంటారు. ఆట రెండు భాగాలు వచ్చింది గానీ, రెండింటిలోనూ బాటసారి మాట్లాడింది తక్కువ, మూలిగింది ఎక్కువ. రికార్డింగు రోజున 'దెబ్బల పట్టీ' అని ఒక కాగితం చేతికిస్తారు. చిన్న దెబ్బ పదిరకాలు, పెద్ద దెబ్బ పదిరకాలు, వీపు మీద, మోకాలి మీద, పరువు మీద. బాబాయి కళ్ళు మూసుకుని అవన్నీ వరసగా తినేవాడు. ఇంట్లో సాధన చేస్తుంటే పక్కింటావిడ విని, పిన్నిని పక్కకు పిలిచి, "ఏమ్మా, కొడుతున్నావా?" అని మెల్లగా అడిగింది. "లేదండీ, అది ఆయన ఉద్యోగం" అంది పిన్ని. ఆ జవాబుతో పక్కింటావిడ అనుమానం ఇంకాస్త ముదిరింది.

ఇంట్లో ఆవిడ పిన్ని, ఆఫీసులో ఆయన బాబాయి. యజమాని దగ్గర్నుంచి తలుపు దగ్గర కూర్చునే మనిషి దాకా అందరికీ ఆయన బాబాయే. వరస కలిపినంత తేలిగ్గా జీతం కలపరు గాబట్టి ఆ పిలుపుతోనే ఆయన కాలక్షేపం చేస్తూ వచ్చాడు.

మూడో భాగం మొదలైనప్పుడు, కథ రాసే ఆవిడ (ఆఫీసులో ఆవిణ్ణి కథలమ్మ అనేవారు) ఆయన్ను కూర్చోబెట్టి చివరి ఘట్టం చెప్పింది.

"ఈసారి బాటసారి పిచ్చిదేవుడి రాజ్యానికి వెళ్తాడు బాబాయ్. ఆ దేవుణ్ణి గెలుస్తాడు. కానీ ఆ సింహాసనం ఖాళీగా ఉండకూడదట. దాంతో మనవాడే కూర్చుంటాడు. మొదటిరోజు మామూలుగానే ఉంటాడు. రెండోరోజు చెప్పులు చేతులకి తొడుక్కుంటాడు. మూడోరోజు నీడతో పోట్లాడి రాజీ పడతాడు. పదోరోజున పాత స్నేహితుడొకడు వెతుక్కుంటూ వచ్చి బాటసారి ఏడని అడిగితే, 'వాడా, ఇప్పుడే అటు వెళ్ళాడు, పరిగెడితే దొరుకుతాడు' అంటాడు."

బాబాయి కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. "ఎన్ని పేజీలమ్మా?"

"నలభై రెండు."

"అన్నీ మాటలేనా?"

"అన్నీ మాటలే. ఒక్క మూలుగు కూడా లేదు."

పదకొండేళ్ళు తన్నులు తిన్న గొంతుకి దైవత్వం దక్కబోతోంది. బాబాయి ఇరవై రోజులు పులుపు మానేశాడు. అద్దం ముందు నిలబడి నీడతో రాజీ పడడం సాధన చేశాడు. పక్కింటావిడ ఈసారి నేరుగా కిటికీ వేసుకుంది.

ఇలా ఉండగా, యజమాని భార్యకు ఒక తమ్ముడున్నాడు. భార్యలకు తమ్ముళ్ళుండడం నేరం కాదు. వాళ్ళకు గొంతుండడం కూడా నేరం కాదు. ఈ తమ్ముడిది మంచినీళ్ళు అడిగినా శాపం పెట్టినట్టుండే గొంతు. అందుకని ఆయన్ను తెచ్చి ధ్వని విభాగానికి అధిపతిని చేశారు. ఎదురుగా అందరూ సార్ అనేవారు, వెనక బావమరిది అనేవారు. వచ్చిన రెండోవారం ఆయన బాబాయిని పిలిపించాడు.

"బాబాయ్, మీరు సింహాసనం దాకా చెప్పండి చాలు. కూర్చున్న దగ్గర్నుంచి నేను చెప్తా."

"ఇద్దరూ ఒకే మనిషి కదండీ."

"మనిషి ఒకడే. దేవుడయ్యాక గొంతు మారదా? మీది ఇంటిగొంతు బాబాయ్. కరెంటు పోయిందని ఫోన్‌లో చెప్పుకునే గొంతు. పిచ్చి పలకాలంటే ఒక స్థాయి ఉండాలి." కాస్త ఆగి, ఓదార్చినట్టు అన్నాడు, "దిగులు పడకండి. మీరు దెబ్బలు బాగా తింటారు. అది అందరికీ రాదు."

బాబాయి ఇంటికి వెళ్ళి చెప్పులు విప్పకుండానే కూర్చున్నాడు.

"ఏమన్నాడు?" అంది పిన్ని.

"దెబ్బలు బాగా తింటానన్నాడు."

"మీరేమన్నారు?"

"ఏమీ అనలేదు. తినడం అయిపోయింది. ఇక వడ్డించాలి."

వడ్డనకు కావలసిన గరిటె ఆయన చేతిలోనే ఉంది. కథలమ్మ రాసిన మాటల్ని, చదివేవాళ్ళకు వీలుగా, పెద్ద అక్షరాల్లో టైపు చేసి ఇచ్చే పని ఎన్నాళ్ళుగానో బాబాయిదే. అందులో ఒక నియమం ఉంది. నోటితో పలకవలసినది మామూలుగా ఉంటుంది. ఎలా పలకాలో చెప్పేది బ్రాకెట్లో ఉంటుంది: (నవ్వి), (గొంతు తగ్గించి), (హఠాత్తుగా ఏడుపు). బ్రాకెట్లో ఉన్నది చెయ్యాలి, చదవకూడదు. కొత్తగా చేరినవాళ్ళకు మొదటిరోజు నేర్పే మొదటి పాఠం ఇది. బావమరిది కొత్తగా చేరలేదు, అధిపతిగా చేరాడు. పైగా ఆయనకొక వ్రతం ఉంది: మైకు ముందు నిలబడేదాకా కాగితం చూడడు. "దేవుడు రిహార్సలు చేస్తాడా?" అనేవాడు.

ఒక మధ్యాహ్నం భోజనం చేసి వచ్చి బాబాయి నలభై రెండు పేజీల్లోంచి ఆరువందల పద్ధెనిమిది జతల బ్రాకెట్లు ఏరి పారేశాడు. ఆ చేత్తోనే కామాలూ ఫుల్‌స్టాపులూ కూడా తీసేశాడు. ఒక్కొక్కటి తీస్తూ, పూజారి నామాలు చదివినంత శ్రద్ధగా, "దెబ్బలు బాగా తింటారు" అని గొణుక్కున్నాడు.

రికార్డింగు రోజు వచ్చింది. గదిలో ఫ్యానాపేశారు, ఎర్రలైటు వెలిగింది. అద్దానికి ఇవతల మీటలు తిప్పే మాస్టారు, ఆయన పక్కన బాబాయి. అవతల బావమరిది కాగితం మీద దృష్టి నిలిపి, ఆకాశం దద్దరిల్లేలా మొదలుపెట్టాడు.

"చెప్పులు బయట విడిచినట్టు నీ పేరు కూడా విడిచి రా మనిషీ చిటికెనవేలితో చెవి గోక్కుంటూ ఇక్కడ అందరూ ఎవరో ఒకరే నవ్వు మూడు సెకన్లు పెద్దగా నువ్వు మాత్రం నేను కావచ్చు హఠాత్తుగా ఏడుపు."

నవ్వలేదు, ఏడవలేదు, చెవి గోక్కోలేదు. అన్నీ ఒకే గాంభీర్యంతో చదివేశాడు.

మాస్టారు చెవుల మీది హెడ్‌ఫోను ఎత్తి బాబాయి వైపు చూశాడు. "బాబాయ్, ఇది..."

"ఏది?"

మాస్టారు ఆలోచించాడు. బావమరిది వచ్చిన రోజే మాస్టారి గదిలో ఫ్యాను ఊడదీయించి తన గదిలో పెట్టించుకున్నాడు. మాస్టారు నుదుటి చెమట తుడుచుకున్నాడు. "ఏం లేదు. బాగా వస్తోంది" అని హెడ్‌ఫోను దించుకున్నాడు.

చివరిసారి విని సరే అనవలసిన బాధ్యత విభాగాధిపతిది. విభాగాధిపతి రెండుసార్లు విన్నాడు. విన్నది తన గొంతును గానీ మాటల్ని కాదు. కథలమ్మ అప్పటికే నాలుగో భాగంలో మునిగి ఉంది. ఆట విడుదలైంది.

ఊరంతా పగలబడి నవ్వితే చూద్దామని బాబాయి ఆ వారమంతా త్వరగా లేచాడు. నవ్వు రాలేదు. భక్తి వచ్చింది.

ఆడేవాళ్ళు పూనకాలెత్తిపోయారు. ఇలాంటి పిచ్చిదేవుణ్ణి పుట్టి బుద్ధెరిగి చూడలేదన్నారు. "నవ్వు అని తనకు తానే ఆజ్ఞ ఇచ్చుకుంటాడు, పాటించడు, అదీ పిచ్చంటే" అని ఒకాయన నాలుగు పేజీల వ్యాసం రాశాడు. బస్సుల్లో పిల్లలు ఒకరినొకరు గిల్లి, "హఠాత్తుగా ఏడుపు" అని గంభీరంగా పలకసాగారు. మామూలు దేవుడైతే తప్పు దొర్లగానే పట్టుబడేవాడు. పిచ్చిదేవుడికి ఎంత తప్పు చేస్తే అంత మహిమ. ఈ సంగతి బాబాయి ముందుగా ఆలోచించలేదు. శత్రువు కోసం తవ్విన గోతిలో శత్రువుకే లంకెబిందెలు దొరికాయి.

అదే వ్యాసం చివర్న ఇంకో మాట ఉంది: "బాటసారి గొంతు మటుకు చప్పగా ఉంది. వాడు పోయి దేవుడు వచ్చాకే ఆటకి ప్రాణం వచ్చింది."

పిన్ని ఆ వాక్యం మీద వేలు పెట్టి, "ఇది చూశారా?" అంది.

"చూశాను."

"పోనీలెండి, వదిలెయ్యండి."

"నేను వదలను" అన్నాడు బాబాయి. "ఆ బావమరిదిని ఆ కుర్చీలోంచి లేపి, నేను కూర్చునేదాకా వదలను."

"పిచ్చి కుదిరింది, తలకు రోకలి చుట్టండి అన్నాడట వెనకటికొకడు" అంది పిన్ని, ఎవరితోనూ కానట్టు.

రెండోసారి అవకాశం తనంతట తానే నడిచివచ్చింది. బావమరిది బాబాయి బల్ల దగ్గరికి వచ్చి, చుట్టూ చూసి, జన్మలో మొదటిసారి గొంతు తగ్గించాడు.

"బాబాయ్, ఆదివారం పెద్ద హాల్లో సన్మానం. ఆట ఆడేవాళ్ళు రెండువేల మంది వస్తున్నారు. వేదిక మీద రెండు నిమిషాలు దేవుడిలా మాట్లాడాలట. ఆ కాగితాలు టైపు చేసింది మీరేగా. అలాంటిదే ఇంకోటి చేసిపెట్టండి."

కాగితంలో ఏదో ఉందని ఆయనకు తెలిసింది. ఏముందో ఇప్పటికీ తెలియలేదు.

"తప్పకుండా. ముందుగా చదువుకుంటారా?"

"నేనెప్పుడు చదివాను బాబాయ్."

"అదీ నిజమే."

ఆదివారం పదకొండు గంటలకు హాలు కిటకిటలాడింది. ముందువరుసలో యజమాని, ఆయన భార్య. మూడోవరుస చివరి కుర్చీలో బాబాయి. వేదిక మీద బావమరిది మైకు పట్టుకుని, జేబులోంచి మడత కాగితం తీసి విప్పాడు. బాబాయి కుర్చీ అంచుకు జరిగాడు. ఈయన ఒక్క వాక్యం ముందు చూసుకున్నా కథ అడ్డం తిరుగుతుంది, పదకొండేళ్ళ ఉద్యోగం ఈ పూటతో సరి.

"కూర్చున్నవాళ్ళంతా వినండి గొంతు సవరించుకుని నేను ఈ పీఠానికి నడిచి రాలేదు అక్క చెయ్యి పట్టుకుని వచ్చాను ముందువరుసలో అక్కను చూపించు."

హాలు ఈలలతో ఊగిపోయింది. యజమాని భార్య చెయ్యి ఊపింది.

"ఒక్క పేజీ కూడా ముందుగా చదవలేదు ఇది కూడా చదవలేదు ఇక్కడ ఆగి భయపడు."

ఆగాడు. నిజంగానే భయపడ్డాడు. కాగితం అంచు మీంచి ఆయన కళ్ళు మూడోవరుస దాకా వచ్చి, తగిలి, వెనక్కి పోయాయి. కానీ ఎదురుగా రెండువేల మంది, చేతిలో ఒకటే కాగితం, తలలో సొంతమాట ఒక్కటీ లేదు. బావమరిది దాన్నే పట్టుకున్నాడు, మునిగేవాడు బండరాయిని పట్టుకున్నట్టు.

"ఈ దేవుడు నిన్నటిదాకా బాటసారి వాణ్ణి బయటికి నెట్టి కూర్చున్నాను వాడి గొంతు ఇంటిగొంతన్నాను ఇప్పుడు వేదిక దిగి మైకు మూడోవరుస చివరి కుర్చీకి ఇచ్చి తల వంచు."

రెండువేల తలలూ మూడోవరుస వైపు తిరిగాయి. ఇక దిగక తప్పలేదు. మెట్లు దిగి వచ్చాడు, మైకు ఇచ్చాడు, తల వంచాడు. హాలు లేచి నిలబడింది. యజమాని ఒక్కడే కూర్చుని ఉన్నాడు. ఆయన నవ్వడం లేదు.

"ఎందుకిలా చేశారు బాబాయ్?" అన్నాడు బావమరిది, వంచిన తల వంచినట్టే ఉండగా.

బాబాయి మైకు మీద అరచెయ్యి పెట్టి మూశాడు. "దెబ్బలు బాగా తింటున్నావు బాబూ. అందరికీ రాదు." అంతవరకూ ఆయన్ను నువ్వు అన్నది లేదు.

తర్వాత చెయ్యి తీసి, కరెంటు పోయిందని చెప్పుకునే ఆ గొంతుతోనే, ఎవరో ఇంటికొస్తే చిరునామా చెప్పినంత తాపీగా అన్నాడు.

"బాటసారా? వాడు ఇప్పుడే అటు వెళ్ళాడు. పరిగెడితే దొరుకుతాడు."

వెనకవరుసలో ఒక పిల్ల నిజంగానే తలుపు వైపు తిరిగి చూసింది.

మరుసటి వారం యజమాని ఆ మూడో భాగం ఇంటికి తీసుకెళ్ళి, తలుపేసుకుని, మొదటిసారి మాట మాటా విన్నాడట. పైవారం నుంచి సింహాసనం మీది నలభై రెండు పేజీలూ మళ్ళీ రికార్డు చెయ్యడానికి బాబాయివే అయ్యాయి, ఈసారి బ్రాకెట్లతో సహా. బావమరిదిని ఉద్యోగంలోంచి తీసెయ్యడానికి అక్క ఒప్పుకోలేదు. భవనం నిర్వహణ విభాగానికి పంపారు. అంత గొంతు వృథా పోకూడదు గదా అని లిఫ్టులో అంతస్తులు చెప్పే పనికి దాన్ని రికార్డు చేశారు. "తలుపులు మూసుకొనుచున్నవి. రెండవ అంతస్తు." శాపం పెట్టినట్టే ఉంటుంది. ఆ కాగితం టైపు చేసింది కూడా బాబాయే.

రికార్డింగు గది మొదటి అంతస్తులో ఉంది. పదకొండేళ్ళూ బాబాయి మెట్లెక్కే వెళ్ళాడు. ఇప్పుడు అరగంట ముందే వచ్చి లిఫ్టెక్కుతున్నాడు. ఏడో అంతస్తు దాకా వెళ్తాడు, దిగకుండా కిందికి వస్తాడు, మళ్ళీ పైకి వెళ్తాడు. చేతులు వెనక్కి కట్టుకుని, కళ్ళు మూసుకుని, ప్రతి అంతస్తుకూ తల ఆడిస్తాడు.

ఒకరోజు మాస్టారు ఆ లిఫ్టులోకే వచ్చి నిలబడ్డాడు. బాబాయి కుడికాలికి ఎడమచెప్పు, ఎడమకాలికి కుడిచెప్పు తొడుక్కుని ఉన్నాడు. మాస్టారు చూశాడు గానీ, చూడనట్టు మీటల వైపు చెయ్యి చాపాడు.

"ఏ అంతస్తు బాబాయ్?"

"అన్నీ" అన్నాడు బాబాయి.