రూపాయి వడ్డీ ఇల్లు

లోను కంపెనీ ఆయన సంవత్సరానికి పన్నెండు శాతం అన్నాడు. మా ఆయనకు శాతాలు ఎక్కవు. మా పక్క ఎవరికీ ఎక్కవు, నూటికి నెలకెంత అని చెప్తేనే మాకు లెక్క. "అంటే నూటికి రూపాయే కదా" అని ఈయన అడిగినాడు. అవునన్నాడు ఆయన. ఇంక చూడాల మా ఆయన మొహం! తర్లుపాడు పక్క పల్లెలో పుట్టి పెరిగిన మనిషి. ఆ ఊళ్లో రెండు రూపాయలకు తక్కువ వడ్డీకి ఎవరూ అప్పు ఇయ్యరు, అవసరం పడ్డోడికి మూడు, మరీ గొంతు మీదికొస్తే ఐదు. రూపాయి వడ్డీని ధర్మ వడ్డీ అంటారు. తోడబుట్టినోళ్లు మనసు మంచిగున్న రోజు ఇచ్చుకునేది. బయటికొచ్చినాక "సొంత అన్న కూడా ఇయ్యడే ఈ కాలంలో" అని రోడ్డు మీదే నాకు చెరుకురసం తాపించినాడు. నేనూ సంతోషంగానే తాగినాను.

మా ఆయన మార్కాపురంలో పలకల ఫ్యాక్టరీలో కోత మిషను మీద పని చేస్తాడు. పలక మీద రాసే పిల్లలు ఇప్పుడెక్కడున్నారు గానీ, ఆ రాయినే గోడలకు అతికించుకునేటోళ్లు పై దేశాల్లో ఉన్నారంట, అందుకని మిషన్లు ఆగింది లేదు. నేను ఇంట్లో జాకెట్లు కుడతాను. ఒక్కతే బిడ్డ, గిద్దలూరులో హాస్టల్లో ఉండి చదువుకుంటా ఉంది. పెండ్లయినప్పటి నుంచి బాడిగిండ్లే. ఒక ఇంటామె సాయంత్రం ఆరు దాటితే మోటరు వేయనియ్యదు, ఇంకొకామె మేము ఆదివారం కూర వండితే ముక్కు మూసుకుంటుంది. ఇట్లాంటోళ్ల ఇండ్లల్లో ఎన్నాళ్లు పడుండాల అని నేనే ఈయన చెవిలో జోరీగ మాదిరి పోరు పెట్టినాను. జీతం చీటీ లేదని బ్యాంకోళ్లు మొహం చూడలేదు. ఈ కంపెనీ చూసింది. పన్నెండు లక్షలు ఇచ్చినారు, ఇరవై ఏళ్లు కట్టాల, నెలకు పదమూడు వేల చిల్లర.

ఊరి చివర రెండు గదులు, ఒక వంటిల్లు. పాస్టరు గారు వచ్చి ప్రార్థన చేసి, ఈ ఇల్లు బండ మీద కట్టిన ఇల్లు అన్నాడు. బండలు కోసే మనిషి కట్టినాడు మరి, ఎట్లుంటది అని మా ఆయన నవ్వినాడు. అప్పుడు బాగా నవ్వేవాడు.

లోను తీసుకున్న ఏడో ఏడు ఆయనకు దగ్గు మొదలైంది. ముందు చలికాలం దగ్గు అనుకున్నాం. తర్వాత ఎండాకాలం కూడా పోలేదు. చర్చిలో పాట ఎత్తుకుంటే రెండో చరణానికి ఆగి ఊపిరి పట్టుకునేవాడు. నేనే కొట్లాడి ఒంగోలు తీసుకపోయినాను. అక్కడ డాక్టరు ఎక్స్‌రే ఫోటో తీయించి చూసి, ఊపిరితిత్తుల్లో రాతి దుమ్ము పేరుకుంది, లోపలికి పోయింది ఇంక బయటికి రాదు, కొత్తది పోకుండా చూసుకోవడమే అన్నాడు. ఆ పని ఇప్పుడే మానేస్తే జాగ్రత్తగా బతకొచ్చు, ఇట్లే ఉంటే ఐదారేళ్లు కూడా కష్టం అని నా మొహం చూసే చెప్పినాడు. ఇంటికొచ్చి చెప్పులు విడుస్తా మా ఆయన, ఇంటి లోను తీర్చేసి మానేస్తా అన్నాడు.

ఆ మాట మీద నేను రెండేళ్లు బతికినాను. నెలనెలా పదమూడు వేలు కట్టే పని లేకపోతే నా కుట్టు డబ్బులతో ఇద్దరం తినొచ్చు. ఆయన ఎక్కడైనా కుర్చీలో కూర్చునే పని చూసుకోవచ్చు. అడ్డం ఆ లోను ఒక్కటే.

లోను తీర్చడానికి ఆయన వేసిన లెక్క ఇది. ఇరవై ఏళ్లలో తొమ్మిది అయిపోయినాయి, అంటే దగ్గర దగ్గర సగం. పన్నెండు లక్షల్లో సగం తీసేస్తే ఆరు. అది గాక మధ్యలో మేము పైడబ్బులు కట్టినాం. ఆయన ఊళ్లో ఒక పద్ధతి ఉంది. అప్పిచ్చినాయనకు, పంట చేతికొచ్చినప్పుడో మేకలు అమ్మినప్పుడో ఎంతో కొంత తీసుకపోయి చేతిలో పెట్టి "అసలు కింద వేసుకో అన్నా" అంటారు. సరే అంటాడు ఆయన. నోటిమాటే. ఆ మాట ఎవరూ తప్పరు, తప్పితే ఊళ్లో తలెత్తుకోని తిరగలేడు. మా ఆయన కూడా అట్లే, ఫ్యాక్టరీలో బోనసు ఇచ్చినా, నా చీటీ పాట డబ్బులు వచ్చినా, ఇంట్లో ఉంటే ఖర్చయిపోతాయని తీసుకపోయి కంపెనీ ఆఫీసులో ఇచ్చేవాడు. కౌంటరులో ఉన్న పిల్లోడితో "అసలు కింద వేసుకో అన్నా" అనేవాడు. "సరే అన్నా" అని వాడు రసీదు ఇచ్చేవాడు. అట్ల లక్ష దాటింది. ఆరులో అది కూడా తీసేస్తే ఐదు లోపే. వాళ్ల నాయన కూలి చేసి కొనుక్కున్న ఎకరం మెట్ట నేల తర్లుపాడు దగ్గర ఉంది, దాన్ని అమ్మితే నాలుగున్నర వస్తాయి. పక్క పొలం ఆయన కొంటానని బయానా కూడా ఇచ్చినాడు. మిగిలిన కాస్తా కంపెనీ మేనేజరుతో కూర్చుంటే తెగిపోతాదిలే అన్నాడు. ఊళ్లో అదీ ఉంది. అప్పు మొత్తం ఒక్కసారి తెచ్చి ఇచ్చేటప్పుడు ఇద్దరు పెద్దమనుషులు కూర్చుంటారు, ఇన్నేళ్లు వడ్డీ తిన్నావు కదా అని అప్పిచ్చినాయనతో కొంత తెగ్గోయిస్తారు. ఎంత పిసినారి అయినా ఎంతో కొంత వదులుతాడు.

లోను ఎంతుందో అడగడానికి ఇద్దరం కంపెనీకి పోయిన రోజు ఆయన కొత్త చొక్కా వేసుకోని బయల్దేరినాడు. పెళ్లిచూపులకా అని ఎగతాళి చేసినాను. నాకు కూడా లోపల సంతోషం పొంగుతా ఉంది, దాచుకోలేక అన్న మాట అది.

ఆఫీసులో లోనులు చూసే అమ్మాయి మా బిడ్డ కంటే నాలుగైదేళ్లు పెద్దదేమో. మర్యాదగానే కూర్చోబెట్టింది. లోను కట్టేస్తాం, ఎంత ఉందో చెప్పమ్మా అన్నాడు మా ఆయన. కంప్యూటరులో చూసి, పది లక్షల నలభై ఎనిమిది వేలు అంది.

వేరే వాళ్లది చూస్తా ఉన్నావేమో చూసుకోమ్మా అన్నాను నేను. పేరు, ఇంటి నంబరు చదివింది. మాదే.

నాకు ఒళ్లు మండిపోయింది. నాకసలే నోరెక్కువ. తొమ్మిదేళ్లలో పద్నాలుగు లక్షల పైనే మీ మొహాన కొట్టినాం, తీసుకున్నది పన్నెండు, ఇంకా పదిన్నర ఎట్లుంటాదమ్మా, ఏ లెక్కలో ఉంటాది అని గట్టిగానే అరిచినాను. లైనులో ఉన్నోళ్లంతా తిరిగి చూసినారు. ఆ అమ్మాయి కోప్పడలేదు, అదే నాకు ఇంకా మంటగా అనిపించింది. కాగితం తీసుకోని నిదానంగా చెప్పింది. పన్నెండు లక్షలకు రూపాయి వడ్డీ అంటే నెలకు పన్నెండు వేలు. మీరు కట్టేది పదమూడు వేల చిల్లర. అంటే మొదటి నెల అసలుకు పోయింది పన్నెండు వందలు మేడమ్, మిగతాదంతా వడ్డీ. తర్వాత నెల పన్నెండు వందల పన్నెండు. ఇట్ల పైసాపైసా పెరుగుతా పోతాది, అసలు తగ్గేదంతా చివరి ఏళ్లల్లోనే.

రూపాయి అంటే రూపాయే కదా అనుకున్నాం. ఆ రూపాయిని పన్నెండు లక్షల మీద ఇరవై ఏళ్లు పరిచి చూసిందెవరు? ఊళ్లో ఎవడైనా ఇరవై ఏళ్లకు అప్పు తీసుకుంటాడా? పంటకు తీసుకుంటాడు, మహా అయితే మూడేళ్లు.

ఆ అమ్మాయి ఇంకా చెప్తా ఉంది. నాలుగేళ్ల కిందట వడ్డీ పెరిగిందంట, పదమూడున్నర అయిందంట. మాకు భారం కాకూడదని కంతు పెంచకుండా ఏళ్లు పెంచినారంట. ఫోనుకు మెసేజి పంపినాం కదా సార్ అంది. వచ్చే ఉంటుంది, రీచార్జి మెసేజిల మధ్యలో ఇంగ్లీషులో. "ఇప్పుడు ఇంకా ఎన్నేళ్లు?" అని అడిగినాడు మా ఆయన. పదహారున్నర అంది. పదకొండు ఉండాల్సినవి పదహారున్నర. మొత్తం మీద ఎంత కట్టినట్టు అవుతాదమ్మా అని నేను అడిగినాను. ఎందుకడిగినానో, నోరు మూసుకోని ఉంటే పోయేది. మీటలు నొక్కి చూసి, నలభై లక్షలు దాటుతాది మేడమ్ అంది. మా ఇంటి పక్క ఇల్లు, ఇదే కొలత ఇల్లు, మొన్న పద్దెనిమిదికి పోయింది.

అసలు కింద కట్టినవి ఏమైనాయని మా ఆయన అడిగినాడు. ఆమె చూసి, లక్షా పది వేలు అడ్వాన్సు కింద ఉన్నాయి సార్ అంది. అసలుకు వేయమని మీరు రాసిస్తేనే వేస్తాం, రాసివ్వకపోతే రాబోయే కంతుల కోసం పక్కన పెడతాం అంది. మాకు వడ్డీ రాకుండా, అసలూ తగ్గకుండా, మా డబ్బులు అన్నేళ్లు ఊరికే పడున్నాయి. "నేను చెప్పినాను కదమ్మా, ఆ అబ్బాయి సరే అన్నాడు" అన్నాడు మా ఆయన. ఏ అబ్బాయి సార్ అంది ఆమె. కౌంటరులో పిల్లోళ్లు ఏడాదికొకడు మారతాడు. పేరు కూడా ఈయనకు తెలియదు. అన్నా అని పిలిచినాడు, అన్నా అనిపించుకున్నాడు, అంతే.

తర్వాత మా ఆయన ఇంకొకటి అడిగినాడు. కొంచెం ముందుకు వంగి, నేల డబ్బులు ఒక్కసారే తెస్తాను, మా పక్క నుంచి ఇద్దరు పెద్దమనుషుల్ని పిలుచుకొస్తాను, మీ సారు ఏ రోజు ఖాళీగా ఉంటాడో చెప్తే కూర్చోని మాట్లాడుకుందాం అన్నాడు. ఆ అమ్మాయికి అర్థం కాలేదు. ఏం మాట్లాడతారు సార్ అంది. ఎంతో కొంత తగ్గిస్తారు కదా అన్నాడు. ఆమె నా పక్క చూసింది. నేను గోడ పక్క చూసినాను.

తగ్గించేది ఉండదని ఆమె మెల్లగా చెప్పింది. నేల డబ్బులు, అడ్వాన్సు డబ్బులు కట్టేస్తే ఇంకో నాలుగేళ్లలో అయిపోతాది సార్, అట్ల చేయండి అని సలహా కూడా ఇచ్చింది. మంచి పిల్లే పాపం. నాలుగేళ్లు. ఐదారేళ్లు కష్టమన్న డాక్టరు మాటకు అప్పటికే రెండేళ్లు నిండినాయి.

మా ఆయన కరెంటు బిల్లు గురించి అడిగినట్టు, మధ్యలో కట్టే మనిషి పోతే ఏం చేస్తారమ్మా అని అడిగినాడు. లోను ఇచ్చినప్పుడే మీ పేరు మీద ఇన్సూరెన్సు చేసినాం సార్ అంది ఆమె. మీకేమన్నా అయితే ఆ రోజుకు మిగిలిన లోనంతా ఇన్సూరెన్సోళ్లు కట్టేస్తారు, ఇల్లు మేడమ్ పేరు మీదికి వస్తాది. కానీ అది మొదట రాసుకున్న ఇరవై ఏళ్లకే, పెరిగిన ఏళ్లకు రాదు, ఇంకో పదకొండేళ్లే ఉంటాది సార్ అని జాగ్రత్త చెప్పింది.

"అంతవరకు అక్కర్లేదులేమ్మా" అన్నాడు మా ఆయన.

ఆమెకు దగ్గు సంగతి తెలియదు, నవ్వేసి లేచింది. ఆటోలో పక్కన కూర్చున్న మనిషి మొహం చూస్తే తేటగా ఉంది. ఏదో పెద్ద చిక్కు తెగిపోయినట్టు. నన్ను చంపాలని ఉందా నీకు, ఏం కూతలు అవి అని తిట్టినాను. ఆటో అబ్బాయి అద్దంలో చూస్తున్నా ఆపలేదు. తిట్టి తిట్టి ఏడ్చినాను.

మరుసటి రోజే పోయి బయానా తిరిగి ఇచ్చేసినాడు. నేల ఎందుకు అమ్మాల, అది బిడ్డకు ఉంటుంది అన్నాడు. అయితే ఇల్లన్నా అమ్ముదాం, లోను పోను వచ్చిన దాంతో బాడిగింట్లో ఉందాం, నువ్వు పని మానెయ్యి అని నేను కాళ్లు పట్టుకున్నంత పని చేసినాను. మోటరు వేయనియ్యని ఇంటామె కాళ్ల కింద మళ్లీ పడుంటాను, నాకేం నామోషీ లేదన్నాను. "ఇల్లు అమ్మినా నేను ఎన్నాళ్లుంటానే? ఆ తర్వాత బాడిగ నువ్వు ఎట్ల కడతావు?" అన్నాడు. కోపం లేదు ఆ గొంతులో. ఆఫీసులో ఆ పిల్ల లెక్క చెప్పినట్టే, నిదానంగా చెప్పినాడు. ఆయన లెక్కలో తప్పు పట్టుకుందామని చానా చూసినాను. దొరకలేదు. అందుకే ఆ కంపెనీ మీద కంటే ఈయన మీదే నాకు కోపం ఎక్కువ.

సోమవారం నుంచి మళ్లీ మిషను మీదికి పోతా ఉన్నాడు. దుమ్ము పోకుండా మూతికీ ముక్కుకీ కట్టుకోమని రోజూ పొద్దున తడి తువ్వాల ఒకటి క్యారియరు సంచిలో పెట్టి పంపుతాను. సాయంత్రం అది బురద గుడ్డ మాదిరి వస్తాది, రెండు నీళ్లు జాడిస్తే గానీ తెల్లబడదు. మొన్న ఉతుకుదామని తీస్తే, నేను పెట్టిన మడత పెట్టినట్టే ఉంది. అంతకు ముందు రోజుది కూడా అట్లే ఉంది, నేనే గమనించలేదు. తీసుకపోయి ఆయన ఒళ్లోకి విసిరేసి, ఏందయ్యా ఇది అని అడిగినాను. మూతికి కట్టుకుంటే ఉక్కపోస్తా ఉందే అన్నాడు.

క్రిస్మస్ ఇంకో వారం ఉంది. చలికి ఇద్దరం దుప్పట్లు కప్పుకోని కూర్చోనున్నాం.