వెనక్కి నడిచే కుందేలు, మా సరోజనక్క

నిన్న పొద్దున సరోజనక్క కోడలు ఫోన్ చేసింది. "చిన్నత్తమ్మా, అత్తమ్మ పోయింది" అంది.

సరే అని పెట్టేశాను.

కాసేపటికి నేనే తిరిగి ఫోన్ చేసి, ఎవరు పోయారన్నావు బిడ్డా అని అడిగాను. ఆ పిల్ల పాపం మళ్లీ మొదటి నుంచి చెప్పింది.

ఇంకా నమ్మలేకపోతున్నాను. మొన్న ఆదివారమే వీడియో కాల్‌లో నా తల చూసి, రంగు వేసుకోవడం ఎందుకు మానేశావని తిట్టింది.

మన గ్రూప్‌లో చిన్నవాళ్లకు ఆమె తెలియదు. అందుకే రాస్తున్నాను. కళ్లు మసకగా ఉన్నాయి, తప్పులుంటే సర్దుకోండి.

అరవైల్లో మేము నస్పూర్ దగ్గర బొగ్గుబాయి క్వార్టర్స్‌లో ఉండేవాళ్లం. బాపుకు, అంటే మా నాన్నకు, బాయిలో పని. పక్క క్వార్టర్ సరోజనక్క వాళ్లది. ఆమె కాలనీ బడిలో టీచర్, ఇంకా పెళ్లి కాలేదు. సాయంత్రమైతే పిల్లలందరం ఆమె అరుగు మీదే.

అప్పట్లో బాయిలో ఏదో మెషిన్ బిగించడానికి జపాన్ నుంచి ఒక ఇంజనీర్ వచ్చాడు. వాళ్ల ఊళ్లో ఇంగ్లీషు మాట్లాడే విదేశీ కుటుంబాలు కొన్ని ఉండేవట. ఆ పిల్లల కోసం ఆయన భార్య జపాన్ బొమ్మల కథలను ఇంగ్లీషులోకి మార్చేదట. ప్రతి బొమ్మ కింద, అందులో కనిపించేదే రెండు మాటల్లో టైప్ చేసిన చిన్న చీటీ అంటించేది. అలాంటి పుస్తకం ఒకటి ఆయన అక్కకు ఇచ్చాడు, మీ పిల్లలకూ చెప్పండని.

అక్క ఇంగ్లీషు చీటీలు చూసింది. ఇంగ్లీషు పుస్తకం లాగే ఎడమవైపు నుంచి తెరిచింది. చీటీ చదివి మాకు తెలుగులో చెప్పింది.

గుమ్మంలో కుందేలు పిల్ల ఒక్కతే నిలబడి ఉంది. బయటంతా మంచు. దూరంగా చుక్కంత తల్లి. తర్వాతి పేజీలో తల్లి కాస్త పెద్దగా. ఆ తర్వాత వాకిట్లో. చివరి పేజీలో తల్లీ పిల్లా ఒకే గిన్నెలో తింటున్నారు.

ఒక్కటే చిక్కు. మంచులో ఉన్నంతసేపూ తల్లి వీపే కనిపిస్తుంది. అదేంటక్కా అని అడిగాం. అక్క బొమ్మను దగ్గరగా పట్టుకుని చూసి, జపాన్ కుందేళ్లు మంచు మొహానికి కొట్టకుండా వెనక్కి నడుచుకుంటూ ఇంటికి వస్తాయేమో అంది.

ఇంకేం, మేము నమ్మేశాం. కాలనీ పిల్లలందరం బడి నుంచి వెనక్కి నడుచుకుంటూ ఇంటికి రావడం మొదలుపెట్టాం. మోరీ కాలువల్లో పడని వాళ్లు లేరు. తల్లులంతా అక్కను తిట్టిపోశారు.

ఇంజనీర్ వెళ్లిపోయే ముందు ఒకసారి అక్క కథ చెప్పడం చూశాడట. మెల్లగా పుస్తకం తీసుకుని, జపాన్ వాళ్లు చదివేటట్టు కుడివైపు నుంచి తెరిచి చూపించాడట. అక్కకు నవ్వాగలేదట. నిజాం కాలంలో ఉర్దూ మీడియంలో అక్షరాలు దిద్దిన మనిషి, కుడి నుంచి తెరిచే పుస్తకం ఆమెకు కొత్తా?

నవ్వడం అయ్యాక కుడి నుంచి చదివింది. ఆ కథలో తల్లి వెళ్లిపోతుంది. మళ్లీ రాదు.

ఆ సంగతి మాకెలా చెప్పాలా అని ఆమె ఆలోచిస్తుండగానే మా అవ్వకు, అదే మా అమ్మకు, జ్వరం వచ్చింది.

నాకప్పుడు ఏడేళ్లు.

గోదారి ఒడ్డున అవ్వను మట్టిలో పెట్టి అందరూ తిరిగి బయల్దేరారు. వెనక్కి చూడొద్దని పెద్దవాళ్లు చెప్పారు. మన దగ్గర పద్ధతి అంతే కదా.

నేను తిరిగాను. అవ్వ వైపు మొహం పెట్టి వెనక్కి నడవసాగాను. ఇంటికి ఎట్లా రావాలో చూపిస్తే, అవ్వ కూడా అట్లాగే నడిచి వస్తుందనుకున్నాను.

మేనత్త గద్దించింది. ఎవరో నా తల పట్టుకుని ముందుకు తిప్పబోయారు.

సరోజనక్క వచ్చి నా చెయ్యి పట్టుకుంది. "గా పోరిని ఏమనకుండ్రి. నేను తోల్కొస్త" అంది.

ఆమె కూడా గోదారి వైపు తిరిగింది. నాతో పాటు క్వార్టర్స్ దాకా వెనక్కే నడిచింది. చీర కాళ్లకు అడ్డం పడి తూలింది కానీ నా చెయ్యి వదల్లేదు.

అరిష్టం అని జనం చాలా రోజులు అనుకున్నారు. అక్కకు కుదిరిన సంబంధం ఒకటి ఆ మాట మీదే తప్పిపోయింది. ఆ విషయం ఆమె నోట నేను ఏనాడూ వినలేదు. బాపు చెబితేనే తెలిసింది.

ఇదంతా అక్క ఆ ఇంజనీర్ భార్యకు ఇంగ్లీషులో ఉత్తరం రాసింది. ఆవిడ తన దగ్గరికొచ్చే పిల్లలకు ఓసారి మా లాగే ఎడమ నుంచి చదివిందట. వాళ్లు ఇక అట్లాగే చదవమని గోల చేశారట. ఆ తర్వాత ఏళ్ల తరబడి కథలు అటూ ఇటూ తిరిగాయి. మన కథలు అక్క ఇంగ్లీషులో రాసి పంపేది, ఆవిడ వాటిని జపాన్ పిల్లలకు వాళ్ల భాషలో చెప్పేది. ఇద్దరూ ఒక్కసారి కూడా కలుసుకోలేదు.

నేను మాత్రం రోజూ సాయంత్రం అవ్వ కోసం గుమ్మంలో నిలబడేదాన్ని. ఇంత ఎత్తు ఎదిగినా మానలేదు.

హైస్కూల్‌కు వచ్చాక ఒకరోజు అక్క ఆ పుస్తకం తెచ్చి కుడివైపు నుంచి తెరిచింది. ఒక్కో చీటీ చదువుతూ పోయింది. చివరి పేజీలో పిల్ల ఒక్కతే మిగిలింది.

అవ్వ పోయాక నేను నిజంగా ఏడ్చింది ఆ రోజే.

అక్క పుస్తకం మూసింది. "అవ్వ ఇగ రాదు బిడ్డా. సలి పెడ్తంది, లోపలికి రా. బువ్వ తిందాం."

నన్ను పెంచింది ఆమే. వేరే మాట నాకు రాదు.

నిన్న ఆమెను సాగనంపి వస్తుంటే, అందరితో పాటు నేనూ ముందుకే నడిచాను. వెనక్కి చూడలేదు. ఎవరూ నన్ను గద్దించలేదు.

ఎవరూ నా చెయ్యి పట్టుకోలేదు.

పోయి రా అక్కా. ఇక బడి గంట లేదు, సల్లగ పడుకో.