వసారాలో ఎరువు బస్తాలు

మా ఊరి సహకార సొసైటీ ఎన్నికల్లో ఒక నామినేషన్‌ను ఒంటిచేత్తో కొట్టేయించానని చాలా ఏళ్ళు చెప్పుకున్నాను. నేను సెక్షన్లు వల్లిస్తుంటే ఎన్నికల అధికారి కుర్చీలోంచి లేచి నిలబడ్డాడని పర్చూరు బస్టాండులో టీ ఇప్పించి మరీ వినిపించేవాణ్ణి. ఆయన లేచిన మాట నిజమే. కరెంటు పోతే కిటికీ తెరవడానికి లేచాడు. సెక్షన్ కూడా ఒక్కటే, అదీ మా బావమరిది బట్టీ పట్టించింది.

తొంభైల చివరి సంగతి. డైరెక్టరు పదవికి మా బావమరిది మీద పోటీకి దిగినవాడు నా గట్టు పక్క రైతు. వరసకు నన్ను బాబాయ్ అనేవాడు. మిరపకు ఎరువు వేసే రోజుల్లో ఎవరికి వాళ్ళు వెళితే బాడుగ దండగని, అతనే ట్రాక్టరు వేసుకెళ్ళి పదిళ్ళకీ కలిపి తెచ్చేవాడు. వానకు తడవకుండా తన వసారాలో పేర్చేవాడు. గుర్తు కోసం ఎవరి బస్తాల మూతికి వాళ్ళం గుడ్డ పీలిక కట్టుకునేవాళ్ళం. నావాటికి మా ఆవిడ పాత చీర పీలిక.

సొసైటీ ఎరువులు అమ్ముతుంది. అదే సరుకు సొంతంగా అమ్మే వ్యాపారి డైరెక్టరు పోటీకి పనికిరాడని సెక్షన్.

"ఆ వసారా చూపిస్తే చాలు బావా," అన్నాడు బావమరిది.

"నా బస్తాలూ అక్కడే ఉన్నాయి కదరా."

"ఉంటే ఉన్నాయి. అవేమన్నా మాట్లాడతాయా?"

ఇద్దరం నవ్వుకున్నాం.

నామినేషన్ల పరిశీలన రోజు లేచి అభ్యంతరం చెప్పాను. నా గొంతు నాకే సరిగా వినపడలేదు. అధికారి స్వయంగా చూస్తానని ఆ వసారాకు వచ్చాడు. వెనకాల మేమందరం.

"ఇవన్నీ నీవేనా?"

"కాదండి, ఊళ్ళోవాళ్ళవి. తెచ్చిపెట్టానంతే."

"ఎవరెవరివి?"

అతను మా అందరినీ ఒకసారి చూశాడు. నా దగ్గర చూపు కాసేపు ఆగింది.

"అందరూ ఇక్కడే ఉన్నారు. వాళ్ళే చెప్తారండి."

ఎవరూ చెప్పలేదు. సగం మంది చేలకు మా బావమరిది బోరు నీళ్ళే ఆధారం. నాకు ఆ సాకు కూడా లేదు, నా బోరు నాకుంది. చీర పీలికలు నా ఎదురుగానే ఊగుతున్నాయి. నేను వంగి చెప్పు సర్దుకున్నాను. చాలాసేపు సర్దుకున్నాను.

నామినేషన్ చెల్లదన్నారు. మా బావమరిది ఏకగ్రీవం.

తర్వాత అతను ఒంగోలు వెళ్ళి వకీలును కలిసి, తిన్నగా నా చేలోకి వచ్చాడు.

"కేసు వేస్తే నిలుస్తుందంట బాబాయ్. బస్తాలు మావేనని ఒక్కరు చెబితే చాలంట. నాకా పదవి రాకపోయినా పర్లేదు. ఉపకారం పేరు చెప్పి యాపారం చేశాడంటున్నారు నన్ను. ఆ మాట పోవాల."

"చూద్దాంలేరా," అన్నాను.

నా ముఖం ఒకసారి చూసి, మరి అడగలేదు. కేసూ వేయలేదు. మర్నాడు ట్రాక్టరులో నా బస్తాలు తెచ్చి మా వసారాలో తనే దించాడు.

"ఇక్కడుంటేనే మంచిది బాబాయ్. మళ్ళీ ఎవరన్నా చూస్తే నావనుకుంటారు."

ఎత్తిపొడుపు కాదది. ఎత్తిపొడిచినా బాగుండేది. మా ఆవిడ ఇచ్చిన మంచినీళ్ళు తాగి వెళ్ళాడు. ఆ ఏడాది నుంచీ ఎవరి ఎరువు వాళ్ళే తెచ్చుకున్నాం.

బస్తాలు దించి వెళ్ళిన సాయంత్రం మా ఆవిడ అసలేం జరిగిందని అడిగింది. అధికారి లేచి నిలబడ్డ కథ పుట్టింది అప్పుడే, మొదట విన్నది ఆవిడే. నేను సెక్షన్ దగ్గరకు వచ్చేసరికి ఆవిడ లేచి వసారాలోకి వెళ్ళింది. బస్తాల దగ్గర కూర్చుని తన చీర పీలికలు ఒక్కొక్కటే విప్పడం మొదలుపెట్టింది.