తాకిన గుర్రం

నేను ఒక గ్రాండ్‌మాస్టర్‌ను ఓడించాను. ఈ మాట ఏండ్ల తరబడి చెబుతున్నాను. పెళ్లిచూపుల్లో చెప్పాను, ఉద్యోగంలో చేరిన రోజు స్టాఫ్‌రూములో చెప్పాను, ఆళ్లగడ్డ బస్టాండులో పక్కన కూర్చున్న ముక్కూ మొహం తెలియని ఆమెకు కూడా చెప్పాను. వయసులు మాత్రం మింగేసేదాన్ని. అప్పుడు అతనికి తొమ్మిదేండ్లు, నాకు పదిహేడు.

ఇరవై ఏండ్ల కింద నంద్యాలలో ఒక కల్యాణ మండపంలో జరిగిన పోటీ అది. బెంగళూరులో స్థిరపడిన మన సీమవాళ్ల పిల్లవాడు సెలవులకు అమ్మమ్మ దగ్గరికి వచ్చి ఆడాడు. బోర్డు అందక కుర్చీలో మోకాళ్ల మీద కూర్చున్నాడు. తర్వాత నేను ఆళ్లగడ్డ బడిలో లెక్కల టీచరునయ్యాను, అతను దేశదేశాలు తిరుగుతూ ఆడాడు. అతని గురించి పేపర్లో నాలుగు లైన్లు వచ్చినా కత్తిరించి దాచుకునేదాన్ని. అతను ఎదిగేకొద్దీ నా గెలుపు కూడా ఎదిగింది, నేను ఒక్క బంటును కూడా కదపకుండానే.

మా నాయన శిల్పి. రోడ్డు పక్కన రేకుల షెడ్డులో నల్లరాయి చెక్కుతాడు. ఆయనకు చదరంగం రాదు గానీ, తెలియని పని గురించి అడగడమంటే మహా ఇష్టం. ఆ కుర్రవాడికి రెండో నార్మ్ వచ్చిందని చదివిన రోజు, అదేందో చెప్పమని నన్ను వదల్లేదు. చెప్పాను. గట్టి ఆటగాళ్లున్న పోటీలో గ్రాండ్‌మాస్టర్ స్థాయిలో ఆడి చూపిస్తే ఒక నార్మ్. గ్రాండ్‌మాస్టర్ బిరుదుకు అట్లాంటివి మూడు కావాలి. రేటింగ్ ఒక్కసారైనా రెండువేల ఐదువందలకు చేరాలి. రెండు నార్మ్‌ల దగ్గరే ఆగిపోయి జుట్టు నెరిసినవాళ్లూ ఉన్నారు.

"ఆ బిరుదు వచ్చినాక మళ్లా ఓడిపోతే పీకేస్తారా?" అన్నాడు నాయన.

"లేదు నాయనా. సచ్చేదాకా ఉంటాది."

ఆయన ఉలి పక్కన పెట్టాడు. "అదేందిమ్మా! నేను యాభై ఏండ్లు చెక్కినా, రేపు ఒక్క ముక్కు ఇరిగితే వీనికి పని రాదంటారు. ఆయప్పది బాగుండాదే!" మళ్లీ ఉలి అందుకుంటూ ఇంకోటి అడిగాడు. "సరే, వాన్ని నీవు ఓడిస్తివి గదా. మరి వాడు అంత పైకి పోతాండాడు, నీవెందుకు పోలేదు?"

ఆడపిల్లను, నేర్పేవాళ్లు లేరు, పోటీలకు తీసుకుపోయే తోడు లేదు అన్నాను. అన్నీ నిజాలే. నాయన ఊ కొట్టాడు గానీ ఒప్పుకున్నట్టు లేదు.

నేను మింగింది వయసొక్కటే కాదు. ఆ ఆటలో నేను ఓడిపోతున్నానని నాకు తెలుసు. అతని గుర్రం నా మంత్రికి అడ్డంగా నిలబడి ఉంది. అది గడిలో కొంచెం పక్కకు వాలి ఉంటే, తన ఎత్తు వేసే ముందు అతను వేలితో సరిచేశాడు. సర్దుతున్నానని ముందుగా చెప్పి తాకాలి. చెప్పకుండా తాకితే ఆ పావునే ఆడాలి. నేను చెయ్యెత్తి రెఫరీని పిలిచాను. వాడు గుర్రాన్నే కదపాల్సి వచ్చింది, నా మంత్రికి దారి దొరికి రెండు ఎత్తుల్లో వాడి ఆట కట్టింది. వాడు చొక్కా చేతితో కళ్లు తుడుచుకున్నాడు. నియమం నా వైపే ఉంది, అయినా ఆ మాట ఇంట్లో కూడా చెప్పలేదు.

ఈ ఏడాది అతను గ్రాండ్‌మాస్టర్‌గా నంద్యాలకు వస్తున్నాడన్నారు. ఇరవై మందితో ఒకేసారి ఆడతాడట. నాకూ ఒక బోర్డు ఇచ్చారు. అతనికి జ్ఞాపికగా ఇవ్వడానికి నల్లరాతి గుర్రం చెక్కే పని మా నాయనకే వచ్చింది. అతనికి ఆ ఆట గుర్తుందా, ఉంటే ఎట్లా గుర్తుంది? ఈ రెండు ప్రశ్నలతో నెలరోజులు సరిగ్గా అన్నం సయించలేదు. గుర్తుండి నాయన ముందే బయటపెడితే, ఇరవై ఏండ్ల నా గొప్ప ఒక్క నిమిషంలో పోతుంది.

గుర్రం తయారైంది. జూలు, మూతి, చెవులు అన్నీ అద్భుతం. కళ్లు మాత్రం లేవు.

"కండ్లు ఈడ తెరవగూడదు. యాడ నిలబెడతారో ఆడనే," అన్నాడు నాయన.

"అది దేవుడి విగ్రహానికి నాయనా. ఇది ఆటబొమ్మ!"

"రాయికి తెలుసునా యేమి?" అన్నాడు. ఆయనతో వాదించడం కంటే రాయితో వాదించడం సులువు.

ఆ ఆదివారం అతను బోర్డు నుంచి బోర్డుకు నడుస్తూ, నా దగ్గర మూడు సెకన్లు కూడా ఆగకుండా, ఇరవైనాలుగో ఎత్తుకు నన్ను ఓడించాడు. ఎత్తులన్నీ కాగితం మీద రాసుకున్నాను. నన్ను గుర్తుపట్టినట్టు లేదు. బతికిపోయాననుకున్నాను, వెంటనే ఉసూరుమనిపించింది.

తర్వాత సభ. పెట్టె తెరవగానే నిర్వాహకుడి మొహం పాలిపోయింది. "ఏందప్పా ఇది, గుడ్డి గుర్రం ఇస్తాండామా?" అని గొణిగాడు. నాయన సంచిలోంచి సన్న ఉలి, సుత్తి తీసి వేదిక ఎక్కాడు.

"దెబ్బ పడినాక ఇంగ వెనక్కి లేదు సామీ. కానియ్యమంటావా?"

"కానీ తాతా," అన్నాడు అతను. వంగి, ఊపిరి బిగబట్టి చూశాడు. చిన్న చిన్న దెబ్బలతో రెండు కళ్లూ తెరుచుకున్నాయి. జనం చప్పట్లు కొట్టారు. అతను మాత్రం వేదిక కింద ముందు వరసలో ఉన్న నా వైపు తిరిగాడు. "మా ఆటలోనూ గుర్రాన్ని తాకితే వెనక్కి లేదు. కదా అక్కా?"

అవునన్నట్టు తలూపాను.

భోజనాల దగ్గర అతనే వచ్చి నాకూ నాయనకూ ఎదురుగా కూర్చున్నాడు. జేబులోంచి చిన్న బోర్డు తీసి, ఆ రోజు తను గుర్రాన్ని తాకినప్పటి స్థితిని చకచకా పేర్చాడు. నాయనకు అర్థమయ్యేట్టు తాకిన సంగతి కూడా చెప్పాడు. నేను విస్తరిలోకి చూస్తూ, "కోపం లేదా?" అన్నాను.

"రూల్ రూలే అక్కా, మీరు పిలవడంలో తప్పేముంది. ఏడ్చాననుకోండి! ఇంటికి పోయి వారం రోజులు దీన్నే పెట్టుకుని కూర్చున్నా. గుర్రాన్ని తాకకుండా బంటును తోసినా నేను గెలిచేవాణ్ని కాదు. మీకు డ్రా ఉంది. మీరూ చూసే ఉంటారు కదా?"

నేను చూడలేదు. ఇరవై ఏండ్లలో ఒక్కసారి కూడా చూడలేదు. ఆ స్థితిని ఫోన్‌లోని చెస్ యాప్‌లో పెడితే క్షణంలో తేలేది. నువ్వు ఓడిపోయిన ఆటే అని చెబుతుందేమోనని పెట్టలేదు. తొమ్మిదేండ్ల పిల్లవాడు తన ఓటమిని వారం రోజులు చూశాడు. నేను నా గెలుపును ఊరంతా చూపించానే గానీ నేను చూసుకోలేదు. సిగ్గేసింది. నీవెందుకు పైకి పోలేదని నాయన అప్పుడెప్పుడో అడిగినదానికి జవాబు ఆయన ముందే దొరికింది. ఆయన నన్ను ఒకసారి చూసి, వడ్డించేవాణ్ని పిలిచి మజ్జిగ పోయించుకున్నాడు.

తర్వాతి ఆదివారం షెడ్డులో స్టూలు మీద బోర్డు పెట్టుకుని ఆ స్థితే పేర్చాను. ఫోన్ ఇంట్లో వదిలేశాను. నాయన పక్కనే నంది మూపురం చెక్కుతున్నాడు. గంటన్నర పట్టింది.

"దొరికింది నాయనా."

"ఏందీ?"

"ఏనుగును బలిచ్చేయల్ల. ఆ పైన మంత్రితో చెక్ మీద చెక్ చెప్తాండాల. ఇద్దరికీ సమానం."

చెబుతుంటేనే ఏడుపొచ్చింది. పదిహేడేండ్లప్పుడు ఈ గంటన్నర కూర్చుని ఉంటే ఏమయ్యేదాన్నో నాకు తెలియదు. ఎవరు చెప్పగలరు?

నాయన నా మొహం చూశాడు. చేతుల దుమ్ము పంచెకు తుడుచుకుని, ఇంకో స్టూలు లాక్కుని బోర్డుకు అవతల కూర్చున్నాడు.

"మొన్న ఆయప్ప నిన్ను ఓడించె గదా, ఆ కాగితం యాడుంది?" అన్నాడు. "అది పెట్టు చూద్దాం."